చాటురోజులు

గుండు ఊగడం లేదు.

మేదిని మొదట నమ్మలేదు. బావి అడుగున మోకాళ్ళ మీద కూచుని, దీపం దగ్గరగా పెట్టుకుని, ఊపిరి బిగబట్టి చూసింది. ఊరి పంచాంగం ఉండే ముడిసాల కింద ఎప్పుడో ఎండిపోయిన పాత దిగుడుబావి అది. పైన కప్పు, చుట్టూ రాతిమెట్లు. కప్పు దూలం నుంచి దారమంత సన్నటి రాగితీగ అడుగుదాకా దిగుతుంది. తీగ చివర కొబ్బరికాయంత సీసపు గుండు, గుండు కింద సూది, సూది మొన కింద మసి పట్టించిన పలక. రోజూ పొద్దున్నే పలకకి కొత్త మసి పట్టిస్తే, మర్నాటికి దాని మీద గాజంత గుండ్రటి గీత పడి ఉండేది. ఇవాళ గీత లేదు. ఒక చుక్క ఉంది. నిన్నా చుక్కే, మొన్నా చుక్కే.

తీగ ఎక్కడైనా తగులుకుందేమోనని మెట్టు మెట్టూ ఎక్కి తడిమి చూసింది. లేదు. గుండుని వేలితో తోస్తే బుద్ధిగా ఊగింది, కాసేపటికి మళ్ళీ ఆ చుక్క మీదికే వచ్చి నిలబడింది. వస్తువు బాగానే ఉంది. పాడైంది మరేదో.

పైన వీధిలో డప్పులు మోగుతున్నాయి. పూలమాసం, పూలపండుగ. ఏడాది మొత్తంలో అంతకంటే మంచి రోజులు లేవని ఊరి నమ్మకం.

మొయిలుసీమలో ఆకాశాన్ని చూసినవాడు ఎవడూ లేడు. తల ఎత్తితే మబ్బు. తాతలు ఎత్తినా మబ్బే. ఆ మబ్బు మీద ఒక కన్ను ఉందనీ, అది ఊరి మీదుగా తిరుగుతూ అందరినీ చూస్తుందనీ, ఏడాదికొకసారి కొన్నాళ్ళు చూపు అందనంత దూరం పోతుందనీ పిల్లలు పాలతో పాటే తాగేస్తారు. కనబడే దేవుడైతే ఎవరో ఒకరు వంక పెట్టేవారు. కనబడడు కాబట్టి ఆయన మాటకి తిరుగులేదు.

మేదిని ఆ కన్నుని పసిగట్టింది. మబ్బుకి అవతల అంత పెద్దది ఏదైనా ఉంటే, కింద ఉన్నదాన్ని ఎంతో కొంత లాగకుండా ఉండదని సముద్రపు పోటు చూసి ఆమెకి తోచింది. అందుకే ఈ గుండు, వేలాడదీసి ఇంకా ఏడాది కాలేదు. కన్ను తిరిగేకొద్దీ గుండు దాని వెంట పోతూ పలక మీద చుట్టు చుడుతుంది. ముడిసాల పెద్ద వేలుపయ్యగారు మొదటి గీతని చూసినప్పుడు, "నా తండ్రీ, నువ్వున్నావా!" అని చిన్నపిల్లాడిలా ఏడ్చారు.

ఇప్పుడు చుక్క. అంటే కన్ను దగ్గర్లో లేదు, దూరం పోయింది. అంటే ఇవి చాటురోజులు.

కానీ పంచాంగం ప్రకారం చాటురోజులు రావలసింది బూడిదమాసం చివర. పోయినసారి అవి వచ్చినప్పుడు ఊరంతా తలుపులు బిడాయించుకుని కూచుంది. గుండు మాత్రం ఆ రోజుల్లో హాయిగా ఊగింది. తన పనిలోనే ఏదో లోపం ఉందనుకుని మేదిని అప్పుడు ఎవరికీ చెప్పలేదు.

ఆమె తల ఎత్తింది. బావి గోడల చుట్టూ కొయ్యమేకులకి నేత్రపంచాంగం చుట్టలు చుట్టలుగా వేలాడుతోంది. ఈ సీమలో పంచాంగమంటే పుస్తకం కాదు, తాడు. నెలకో రంగు నూలు. రోజూ దీపాల వేళ ముడిసాల పెద్ద దానికి ఒక ముడి వేస్తే ఆ రోజు ముగిసినట్టు. ఎక్కడ తప్పిందీ తాడు? ముడి వేయడం మరిచిపోయే మనుషులు కారు వాళ్ళు. ఒళ్ళు కాలిపోతున్నా మంచం మోయించుకుని వచ్చి వేసేవారట. చస్తే తప్ప మానరు.

చస్తే తప్ప. మేదిని గోడకి ఆనుకుని అలాగే కూలబడింది. పెద్ద చనిపోయిన రోజున ముడి వేయరు! ఆ రోజుని ఆయనతో పాటు పంపేస్తారు, అది ఆయనకి చేసే మర్యాద. మర్యాద మంచిదే. కానీ ఆ పీట మీద కూర్చునేది పళ్ళూడిన వాళ్ళే కదా, నాలుగేళ్ళకో అయిదేళ్ళకో ఒకరు పోతూనే ఉంటారు. ఒక్కొక్క మహానుభావుడూ వెళ్తూ వెళ్తూ ఒక రోజుని చంకన పెట్టుకుపోయాడు. వందల ఏళ్ళుగా ఇదే తంతు. కన్ను ఆగలేదు, తాడు ఆగుతూ వచ్చింది. బూడిదమాసం చివర రావలసిన చాటురోజులు జరుగుతూ జరుగుతూ పూలమాసంలోకి వచ్చి కూచున్నాయి.

ఆమె నోట్లోంచి తనకి తెలియకుండానే ఒక కేక వచ్చింది. అంటే మొగిలి చాటువాడు కాదు. తన తమ్ముడు చాటువాడు కానే కాదు!

ఇంటికి ఎలా వచ్చి పడిందో ఆమెకే తెలియదు. కాళ్ళు నేల మీద ఆనలేదు. ఎవరో గుప్పెడు పూలు మొహాన కొట్టారు. పొరుగూరి ఆవిడ ఎవరో "ఏ ముడమ్మా?" అని పలకరించింది. కొత్తవాళ్ళని ఆ సీమలో అలాగే పలకరిస్తారు. మణికట్టున ఉన్న నూలు చూపించి, పుట్టిన నెల చెప్పాలి. మేదిని చెయ్యి ఊపి "ఉప్పుముడి" అని పరిగెత్తింది.

మొగిలికి ఆ నూలు లేదు. మేదిని కంటే నాలుగేళ్ళు చిన్నవాడు, బూడిదమాసం చివర పుట్టాడు. కన్ను చూడకుండా పుట్టిన మనిషి మబ్బు కింద తిరిగితే కన్ను అలుగుతుంది, వాన ఆగిపోతుంది. అందుకని చాటుబిడ్డలు కప్పు కింద పెరిగి కప్పు కిందే ముసలివాళ్ళు కావాలి. ముప్పై ఏళ్ళు దాటాయి, మొగిలి గడప దాటలేదు. తల్లి పాడెని తీసుకుపోతున్నప్పుడు కూడా జాలీ కిటికీలోంచే చూశాడు. అతని తలుపుకి తాళం ఎవరూ వేయలేదు. తన వల్ల ఊరికి వాన పోతుందన్న భయమే అతనికి తాళం.

అతని పని రాగితీగ లాగడం. కమ్మచ్చు పలకకి వరసగా చిల్లులుంటాయి, ఒకదానికంటే ఒకటి సన్నం. రాగిని ఒక్కో చిల్లులోంచి లాగుతూ పోతే చివరికి దారమంత తీగ అవుతుంది. అంత సన్నంగా, అంత పొడుగ్గా లాగగలిగినవాడు ఊళ్ళో ఇంకొకడు లేడు. బయటికి పోయే పని లేనివాడికి ఓపికకేం కొదవ! బావిలో తీగ కూడా అతని చేతిదే. అది వేలాడుతుంటే ఎలా ఉంటుందో మాత్రం అతనికి తెలియదు.

"ఒరేయ్ మొగిలీ, వదిలేయరా అది! నువ్వు చాటువాడివి కాదురా!"

మొగిలి పట్టకారు కింద పెట్టాడు. అక్క చెప్పింది చెప్పినట్టు విన్నాడు, మధ్యలో ఒక్క ప్రశ్న అడగలేదు. ఆమె చెప్పడం అయ్యాక లేచి గడప దాకా నడిచాడు. కుడికాలు ఎత్తి బయటికి చాపి, అక్కడే ఆపి, మళ్ళీ వెనక్కి తీసుకున్నాడు. నవ్వుతున్నాడు, చెంపల మీద నీళ్ళు కారిపోతున్నాయి.

"కాళ్ళు వణుకుతున్నాయే అక్కా. ముసలాళ్ళకి మల్లే."

"వణకనీరా. నేను పట్టుకుంటాను. పెద్దయ్యగారు ముడి సరిదిద్దనీ, నిన్ను సముద్రం దాకా నడిపించుకుపోతాను."

"ఉండు, ఉండు. బూడిదమాసంలోవి చాటురోజులు కావు. సరే. మరి అసలువి ఎప్పుడూ?"

"ఇవే కదరా! నిన్న, ఇవాళ, రేపు. ఈ పండుగ రోజులే."

మొగిలి నవ్వు ఆగిపోయింది. ఆమెకి ఇంకా తెలియలేదు. తమ్ముణ్ణి విడిపించాలని పదేళ్ళుగా ఒకటే ధ్యాస కదా, ఎడ్లకి కట్టిన గంతలా ఆ ధ్యాసే కళ్ళకి అడ్డం పడింది.

"అక్కా," అన్నాడు మొగిలి మెల్లిగా. "మన సంపెంగి పుట్టింది పండుగ రెండోనాడు కాదూ?"

మేదిని వేళ్ళు మడిచి రోజులు లెక్కపెట్టబోయి మధ్యలోనే ఆపేసింది. సరిగ్గా ఆ సమయానికే వీధిగుమ్మంలోంచి సంపెంగి దూసుకొచ్చింది. ఎనిమిదేళ్ళ పిల్ల, మోకాళ్ళ దాకా బురద, నెత్తిన ఒకటి చేతిలో ఒకటి పూలచుట్టలు, మణికట్టున పసుపుపచ్చ పూలముడి. తండ్రి పోయాక పుట్టినా ఆ ముడి పుణ్యమాని అందరూ దాన్ని అదృష్టవంతురాలంటారు.

"మామయ్యా, ఇది నీకు. పడవ మీద నుంచి నీళ్ళలోకి దూకాను తెలుసా? ఒక్కదాన్నే! అమ్మా, తిట్టకు, ఇవాళ నా పుట్టినరోజు."

చెప్పేసి మళ్ళీ మాయమైంది. దానికి ఇంట్లో ఒక్కచోట కుదురుగా కూచోవడం చేతకాదు.

*

వేలుపయ్యగారు చెడ్డవాడైతే మేదినికి ఇంత బాధ ఉండేది కాదు. ఆయన బంగారంలాంటి మనిషి. ఆడపిల్లకి ముడిసాలలో పనేమిటని అందరూ ముక్కున వేలేసుకుంటే, "తాడుకి మగా ఆడా తెలుస్తుందా?" అని లోపలికి పిలిచింది ఆయనే. మధ్యాహ్నం ఆమె వెళ్ళేసరికి అరుగు మీద కూచుని, పాలలో నానేసిన అటుకులు తింటున్నారు. పళ్ళు లేవు.

"పెద్దయ్యగారూ, ఒక మాట అడుగుతాను. మాట వరసకే అనుకోండి."

"మాట వరసకి అడిగేదానివి కాదే నువ్వు. అడుగు."

"తాడు తప్పిందనుకోండి. పోయిన పెద్దలకి వదిలేసిన రోజులన్నీ కలిసి చాటురోజులు జరిగిపోయాయనుకోండి. అప్పుడు, అసలైన చాటువాళ్ళు ఇన్నాళ్ళూ మబ్బు కిందే తిరిగారు కదా. పెళ్ళిళ్ళు చేసుకున్నారు, పొలాలు దున్నారు. అయినా వాన కురుస్తూనే ఉంది కదా. అలాంటప్పుడు వాళ్ళని లోపల పెట్టాలన్న కట్టుబాటుకే అర్థం లేదు కదండీ?"

ఈ మాటని దారి పొడుగునా నూరి నూరి పదును పెట్టుకుని వచ్చిందామె. దీనికి తిరుగు ఉండదనుకుంది.

వేలుపయ్యగారి చేతిలో అటుకుల ముద్ద ఆగిపోయింది. "కురుస్తూనే ఉందా?" అన్నారు. "నా పెద్దకూతురు పుట్టిన ఏడు చుక్క పడలేదమ్మా. గుక్కెడు పాలు లేక నా చేతుల్లోనే పోయింది. తాడు తప్పలేదు, పూజ తప్పలేదు, తప్పెక్కడ జరిగిందా అని యాభై ఏళ్ళుగా కుమిలిపోతున్నాను. ఆ తరవాత మళ్ళీ రెండు కరువులు. ఎందుకొచ్చాయో ఎవడికీ తెలియలేదు." ఆయన కళ్ళు వెలిగిపోతున్నాయి. "అందుకన్నమాట! నడవకూడని వాళ్ళు నడిచారన్నమాట!"

మేదిని తెచ్చిన కత్తినే ఆయన పిడి పట్టుకుని ఆమె వైపు తిప్పారు. అది కూడా ఎంతో ప్రేమగా. వాన కురిసిన ఏళ్ళు ఎవరికి గుర్తుంటాయి? కురవని ఏడే గుర్తుంటుంది.

"సరిదిద్దుదాం తల్లీ. లోపల మగ్గుతున్న వాళ్ళని బయటికి తెద్దాం. బయట ఉన్నవాళ్ళని..." ఆయన ఆగారు. ఏదో గుర్తొచ్చినట్టు ఆమె మొహంలోకి చూశారు. సంపెంగి మణికట్టుకి పసుపు నూలు కట్టింది ఆయన చేతులే. "అయ్యో, తల్లీ," అని చెయ్యి చాచి ఆమె తల నిమిరారు.

"మాట వరసకే అన్నానండి."

"కళ్ళారా చూడనిదానికి ముడి వేయం, వేసిన ముడి విప్పం. అది మా ఒట్టు. రేపు పొద్దున్నే నేనే దిగి చూస్తాను, ఈ మోకాళ్ళు దయ తలిస్తే. గుండు ఊగుతోందా, నీ మాట వరస మాట వరసే. నిలిచి ఉందా, కన్ను చెప్పినట్టు చేద్దాం. అంతవరకు బావిని నీకే వదిలేస్తున్నాను. నువ్వు నాకు అబద్ధం చూపించవు."

తిడితే బాగుండుననిపించింది మేదినికి. కాపలా పెట్టినా బాగుండును.

*

సాయంత్రం ఆమె వంట చేసింది, పిల్లకి అన్నం పెట్టింది, తల దువ్వింది. సంపెంగి చెబుతున్న పడవ కథ ఒక్క ముక్క చెవికెక్కలేదు. ఇంటి వెనక గది వైపు చూసింది. మొగిలి గది. ఒక మంచం, ఒక కిటికీ. అందులో ఈ పిల్లని ఊహించుకోబోతే ప్రాణం ఒప్పుకోలేదు. అదే గదిలో తమ్ముణ్ణి ముప్పై ఏళ్ళుగా చూస్తూ రోజూ అన్నం తిన్నానే, నిద్రపోయానే అని అప్పుడు సిగ్గుతో చితికిపోయింది. ఊళ్ళో ఇలాంటి గదులు ఇంకా ఉన్నాయి. పూలపండుగలో పుట్టిన పిల్లలూ ఉన్నారు. నిజానికి వాళ్ళందరి గురించీ ఆలోచించాలి. ఆమెకి ఇద్దరి మొహాలే కనబడుతున్నాయి.

పిల్ల పడుకున్నాక మొగిలి దగ్గరికి వెళ్ళి వేలుపయ్యగారు అన్నదంతా చెప్పింది.

"గుండుని ఒక్కసారి తోస్తే చాలు," అన్నాడు మొగిలి. అడగడం కాదు, తెలిసినట్టే అన్నాడు.

"ఊ."

"తోయకపోతే నేను బయటికి. అది లోపలికి."

"ఒరేయ్, నువ్వేమంటావురా?"

"నన్ను అడక్కు." అతను అంత గట్టిగా మాట్లాడగా ఆమె ఎప్పుడూ వినలేదు. "నేను దేవుణ్ణి కాదక్కా. పొద్దున కాలు బయటపెట్టినప్పుడు గాలి తగిలింది. ఇందాకటి నుంచీ ఆ కాలే తడుముకుంటున్నాను. నువ్వు అడిగితే నేను బయటికొస్తాననే అంటాను. ఆ మాట నా చేత అనిపించకు. వెళ్ళి పడుకో."

ఆమె వెళ్ళింది. పడుకోలేదు.

తెల్లారగానే దీపం తీసుకుని బయల్దేరింది. నిర్ణయం అని గొప్పగా చెప్పుకోవడానికేం లేదు. తల్లి కాబట్టి తల్లి చేసే పని చేయబోతోంది. పదేళ్ళు కష్టపడి తమ్ముడి తలుపు తెరిచి, ఇప్పుడు తన చేత్తోనే మూయబోతోంది. వెళ్తూ వెళ్తూ వెనక గది వైపు చూడలేకపోయింది. చూసి ఉంటే ఆ గది ఖాళీగా ఉందని తెలిసేది.

బావి అడుగున ఎవరో ఉన్నారు. నెత్తిన పూలచుట్టతో ఒక మగమనిషి తల వెనక్కి వాల్చి తీగ వంకే చూస్తున్నాడు.

"ఎవరది?"

"నేనేనక్కా." మొగిలి తల దించలేదు. "ఇంత పొడుగుందా! ఇంట్లో చుట్టలుగా చూశానంతే. పాడుముండాతీగ, ఎంత బాగుందే."

"ఎలా వచ్చావురా? ఎవరైనా చూశారా?"

"అందరూ చూశారు. ఒక్కళ్ళూ గుర్తుపట్టలేదు. నా మొహం ఎవరికి తెలుసు? ముడిసాల ఎటని అడిగితే ఒకావిడ దారి చెప్పి, ఈ పూలు నెత్తిన పెట్టి, తెల్లారేసరికే తాగావా నాయనా అంది. నడక అలా ఉంది మరి." అప్పుడు అక్క వైపు తిరిగాడు. "ఊపడానికొచ్చావు కదూ?"

అబద్ధమాడదామనుకుంది. తల అవునన్నట్టు ఊగిపోయింది. ఏడుపు తన్నుకొచ్చింది. "నన్ను క్షమించరా. నా వల్ల కాదురా, అది చిన్నపిల్లరా."

"నాకు మాత్రం కాదా అది? నేను బయట తిరగడం ఎలా ఉంటుందో తెలియకుండా పెరిగాను. దానికి అంతా తెలుసు. అది ఆ కిటికీ దగ్గర కూచుంటే బతకదక్కా." మొగిలి గుండు దగ్గరికి వెళ్ళాడు. "నువ్వు ముట్టుకోకు. నువ్వు ఊపితే జన్మలో నా మొహం చూడలేవు. నాకున్నదే మీ ఇద్దరి మొహాలు."

అతను గుండుని తోశాడు. తీగ లాగడంలో ఆరితేరిన చేతులే కానీ గుండుని తోసిన అలవాటు లేదు. బలంగా తోశాడు. పైన మెట్ల మీద కర్ర చప్పుడు వినిపించింది.

వేలుపయ్యగారు మెట్టుమెట్టుకీ ఆయాసపడుతూ దిగారు. కొత్తమనిషిని చూసి అలవాటుగా నవ్వారు. "ఏ ముడి నాయనా?"

మొగిలి చెయ్యి చూపించాడు. బోసి మణికట్టు. "ముడి లేదండి. మేదినికి తమ్ముణ్ణి."

పెద్దాయన రెండడుగులు వెనక్కి వేశారు. అతన్ని, అక్కని, గుండుని మార్చి మార్చి చూశారు. పలక మీదికి వంగారు. "గీత తాంబాళమంత ఉంది. కన్ను ఇంత గట్టిగా ఎన్నడూ లాగలేదే తల్లీ." కోపం లేదు ఆ గొంతులో. మేదిని తల ఎత్తలేకపోయింది.

ఆయన కింది మెట్టు మీద చతికిలబడి కర్ర పక్కన పెట్టుకున్నారు. "నాకేం తొందర లేదు. ఊపినదైతే నిలుస్తుంది. కన్ను ఊపుతున్నదైతే నిలవదు. చూస్తూ కూచుంటాను."

ముగ్గురూ చూస్తూ కూచున్నారు. చేయగలిగింది ఇంకేమీ లేదు. గీత తాంబాళం నుంచి పళ్ళెమంతయింది, పళ్ళెం నుంచి గిన్నె అంచంతయింది. పైన డప్పులు మొదలయ్యాయి. మధ్యలో ఒకసారి వేలుపయ్యగారు మొగిలి వైపు తిరిగి, "అది నిలిస్తే నువ్వు బయట తిరగొచ్చు నాయనా. తెలుసా?" అన్నారు.

"తెలుసండి."

గీత గాజంతయింది. ఇంకా చిన్నదవుతోంది. మొగిలి లేచాడు. నాలుగు మెట్లెక్కి, చెయ్యి చాచి తీగ పట్టుకుని, వేళ్ళతో మెల్లిగా తడిమాడు. ఎంత మంచి తీగకైనా ఎక్కడో ఒక అతుకు ఉంటుంది. అదెక్కడో లాగినవాడికే తెలుస్తుంది.

"ఒరేయ్, వద్దురా!" అంది మేదిని. ఎందుకు వద్దందో ఆమెకే తెలియదు.

మొగిలి మెలిపెట్టి ఒక్క గుంజు గుంజాడు. తీగ తెగి పైకి ఎగిరి, కిర్రుమంటూ గోడకి కొట్టుకుంది. గుండు పలక మీద పడి దాన్ని రెండు చెక్కలు చేసింది. ఆ చప్పుడు బావి అంతా తిరిగి తిరిగి ఆగింది.

"ఇంకో తీగ," అన్నారు వేలుపయ్యగారు.

"లాగేవాణ్ణి నేనొక్కణ్ణేనండి. లాగను."

"నీలాగా గదుల్లో ఉన్నవాళ్ళు ఈ ఊళ్ళో ఎంతమందున్నారో తెలుసా? వాళ్ళ తలుపు కూడా నువ్వే మూశావు."

"తెలుసండి," అన్నాడు మొగిలి. "తెలియకపోతే బాగుండును."

పెద్దాయన ఆ పలక చెక్కల్ని చేతుల్లోకి తీసుకుని ఒకదానికొకటి జత చేసి చూశారు. మసి చెదిరిపోయింది. గుండు నిలవడం ఆయన చూడనే లేదు, చూడనిదానికి ముడి వేయలేరు, విప్పలేరు. యాభై ఏళ్ళ ప్రశ్నకి నిన్న దొరికిన జవాబు ఇవాళ చేతుల్లోంచి జారిపోయింది. ఆయన కూడా అదే ఒట్టులో ఇరుక్కుని ఉన్నారని మేదినికి మొదటిసారి అర్థమైంది.

లేచి, భుజాన ఉన్న ఉత్తరీయం తీసి మొగిలికి అందించారు. "తల మీద కప్పుకో. ఇంటిదాకా నేనూ వస్తాను. నిన్ను లోపలికి పంపి తలుపు మూయడం నా విధి."

మొగిలి ఉత్తరీయాన్ని మడిచి తిరిగి ఆయన చేతుల్లోనే పెట్టాడు. "ఇవాళ కన్ను ఊళ్ళో లేదు కదండీ. ఎవరూ చూడరు."

వేలుపయ్యగారు ఉత్తరీయం మళ్ళీ భుజాన వేసుకున్నారు.

బావి పైకి వచ్చేసరికి వీధి కిటకిటలాడుతోంది. "దగ్గరిదారి ఎటైనా ఉండనీ, చుట్టుదారిన పోదామక్కా," అన్నాడు మొగిలి. అలాగే పోయారు. అతను అన్నీ ఆగి ఆగి చూశాడు. బెల్లం గానుగని, పోట్లాడుకుంటున్న కుక్కల్ని, తడి గోడ మీద నాచుని. ఒక సందులో జాలీ కిటికీలోంచి ఒక చెయ్యి బయటికి వచ్చి గాలిని తడుముతోంది. దానికి నూలు లేదు. ఆడచెయ్యి, వయసులో ఉన్నది. మొగిలి ఠక్కున ఆగాడు. లోపలినుంచి ఎవరో గద్దించారు, చెయ్యి వెనక్కి పోయింది. ఆ తరవాత అతను కిటికీల వైపు చూడడం మానేసి నేల చూస్తూ నడిచాడు.

తమ వీధి మొదట్లోకి వచ్చేసరికి కేక వినబడింది.

"మామయ్యా!"

సంపెంగి పిల్లల గుంపులోంచి రాయిలా దూసుకొచ్చి అతని నడుముని వాటేసుకుంది. డప్పులు ఆగిపోయాయి. వీధంతా ఇటు తిరిగింది. ఆ పిల్లకి మామయ్య ఎవరో అందరికీ తెలుసు. ఒక ముసలావిడ చేత్తో కళ్ళు మూసుకుంది. వేలుపయ్యగారు కర్ర ఎత్తి, ఎవరూ ముందుకు రావద్దన్నట్టు పట్టుకున్నారు.

"నిన్ను వదిలేశారా? నూలు కట్టేశారా? అమ్మా, మామయ్యని వదిలేశారా?"

మొగిలి మోకాళ్ళ మీద కూచుని పిల్ల మొహంలోకి చూశాడు.

"ఇవాళ ఒక్కరోజుకేనే."

"ఒక్కరోజేనా? అయితే ఏం నిలబడ్డావు, పద పద!" సంపెంగి అతని చెయ్యి పట్టి గుంజింది. "అదిగో నేను ఎక్కే గోడ. అక్కడ మా పడవ ఉంటుంది. ఇటు రా, ఇటు!"

"పరిగెత్తకే. ఒక్కొక్కటీ చూపించు."

పిల్ల అతన్ని లాక్కుపోతోంది. జనం దారి ఇస్తూ పక్కలకి తప్పుకుంటున్నారు. వేలుపయ్యగారు తొందరపెట్టలేదు, మేదిని వాళ్ళ అరుగు మీద కూచుని కర్ర మీద గడ్డం ఆనించుకున్నారు. మేదిని ఆయన్ని దాటి మెట్లెక్కింది. లోపలికి వెళ్ళి వెనక గది ఊడ్చింది, మంచం మీద దుప్పటి మార్చింది, కూజాలో మంచినీళ్ళు నింపింది. ఆ తరవాత వీధిగుమ్మంలోకి వచ్చి, రెండు తలుపులూ బార్లా తీసి పట్టుకుని, తమ్ముడి కోసం నిలబడింది.